బందరులో మూడు రోజులు: రాతి మీది అక్షరాలు, కాలువ నీళ్ళు, రోట్లో లడ్డు

బందరు వెళ్ళినవాళ్ళు చాలామంది మంగినపూడి బీచ్ చూసి, లడ్డు కట్టించుకుని సాయంత్రానికి బెజవాడ బస్సెక్కేస్తారు. ఊరి పాత వర్తకాన్నీ, ఇవాళ్టి బతుకునీ కాగితం మీద పెట్టాలనుకుంటే మూడు రోజులైనా ఉండాలి. అదీ జనవరిలో అయితే మేలు. వేసవిలో కృష్ణా కాలువలు కట్టేస్తారు, దాంతో పక్క ఊరు పెడనలో అచ్చులతో రంగులద్దిన గుడ్డల ఉతుకు సరిగ్గా సాగదు. వానాకాలంలో గుడ్డ ఆరదు. నవంబరు తుపానుల నెల. సంక్రాంతి సందడి సర్దుకున్నాక, మూడో వారంలో, కాలువ నిండుగా ఉంటుంది, ఎండ ఒంటికి హాయిగా ఉంటుంది, పనివాళ్ళు పనిలో ఉంటారు.

మొదటి రోజు: పేటల పేర్లు, వలందావాళ్ళ సమాధులు

ఊరి చరిత్రకి మొదటి పుస్తకం పేటల పేర్లే. బందరు అన్నమాటే పారశీకంలో రేవు. మచిలీపట్నం అని బోర్డుల మీద ఉంటుంది గానీ, బస్సు కండక్టరు దగ్గర్నుంచి కూరల బండి దాకా అందరి నోటా బందరే. కోనేరు సెంటర్ నుంచి నడక మొదలుపెడితే గంటన్నరలో మూడు దేశాల పేర్లు తగుల్తాయి. వలందపాలెం డచ్చివాళ్ళది. హాలండు మన నోట్లో వలందా అయింది. పరాసుపేట ఫ్రెంచివాళ్ళది, వాళ్ళు మనకి ఫరాసులు. ఇంగ్లీషుపాలెం ఎవరిదో చెప్పక్కర్లేదు. డచ్చి కోఠీ (వర్తకశాల) 1605లో, ఇంగ్లీషు కోఠీ 1611లో మొదలయ్యాయి. ఇంగ్లీషువాళ్ళు వచ్చిన ఓడ పేరు గ్లోబ్.

వాళ్ళెందుకు వచ్చారన్నది మనవాళ్ళు కొంచెం తికమకగా చెప్తుంటారు. మిరియాలకి రాలేదు, గుడ్డకి వచ్చారు. జావా, బాందా దీవుల్లో జాజికాయ, లవంగం కొనాలంటే అక్కడివాళ్ళు వెండి కంటే కోరమాండల్ గుడ్డనే, అంటే మన తూర్పుతీరం గుడ్డనే, ఇష్టపడేవారు. ఆ గుడ్డ దొరికే చోటు, గోల్కొండ కుతుబ్‌షాహీల పెద్ద రేవు, ఇది. పారశీక వర్తకులు అంతకు ముందునుంచే ఇక్కడ పాతుకుపోయి ఉన్నారు. ఇంకా వెనక్కి వెళ్తే గ్రీకు భూగోళ పండితుడు టాలెమీ రాసిన మైసోలియా ఈ తీరమే. ఇంగ్లీషు కోఠీకి పెద్ద అధికారిగా ఉన్న ఆండ్రూ కోగన్, ఫ్రాన్సిస్ డేతో కలిసి 1639లో మద్రాసు స్థలం సంపాదించాడు. చెన్నపట్నం పుట్టుకలో బందరు వాటా అది. ఇక్కడ అది తెలిసినవాళ్ళు తక్కువ, తెలియాల్సిన సంగతి.

మా దారి తప్పింది ఇక్కడే. ఆటో అతన్ని ‘సిమెట్రీ’ అని అడిగితే, ఇప్పుడు వాడుకలో ఉన్న క్రైస్తవ సమాధుల తోట దగ్గర దింపాడు. అతని తప్పు కాదు, ఊళ్ళో ఆ మాటకి అర్థం అదే. ‘డచ్చివాళ్ళ పాత సమాధులు, పురావస్తు శాఖవాళ్ళ బోర్డు ఉంటుంది చూడండి’ అంటే, పక్కన టీ తాగుతున్న పెద్దాయన వెంటనే దారి చెప్పాడు. రానూ పోనూ 120 రూపాయలు, ముప్పావు గంట అదనం.

సమాధుల మీద నల్లటి రాతి పలకలున్నాయి. వాటి మీద అక్షరాలు లోపలికి చెక్కినవి కావు, చుట్టూ రాయిని తొలిచేసి అక్షరాన్ని పైకి నిలబెట్టారు. పైన వంశ చిహ్నం: శిరస్త్రాణం, డాలు, ఆకుల అల్లిక. పదిహేడో శతాబ్దపు పనితనం, మూడు వందల యాభై ఏళ్ళ ఉప్పుగాలి తిని కూడా ఆకు ఈనె కనిపిస్తుంది.

ఈ రాళ్ళని ఫోటో తీయాలంటే ఉదయం ఏడింటికి అక్కడుండాలి. ఎండ పక్కనుంచి పడితే ప్రతి అక్షరానికీ నీడ వస్తుంది. పదింటికి వెళ్తే పలక అంతా ఒకే బూడిదరంగు ముద్ద. మేం వెళ్ళేసరికి తొమ్మిదిన్నర దాటింది కాబట్టి రెండో పద్ధతి వాడాం: ఒకరు గొడుగు పట్టి రాయి మీద నీడ చేస్తే, ఇంకొకరు టార్చిని రాయికి జానెడు ఎత్తులో, దాదాపు పడుకోబెట్టినట్టు పట్టుకున్నారు. ఎడమనుంచి ఒకటి, పైనుంచి ఒకటి, రెండు ఫోటోలు. ఒకే వైపు వెలుతురుతో తీస్తే అడ్డగీతలో నిలువుగీతలో ఏవో ఒకటి మాయమవుతాయి. పక్కన టేపు పరిచి తీస్తే కొలత కూడా అందులోనే వస్తుంది. సుద్ద పూసి అక్షరాలు తేల్చడం, వైరు బ్రష్షుతో నాచు గీకడం చేయకూడదు. సుద్ద రాతి సందుల్లో ఉండిపోతుంది, గీకితే అంచులు రాలిపోతాయి. ఎండుటాకులు చేత్తో తీసేస్తే చాలు.

చదవడానికి పాత డచ్చి భాష రానక్కర్లేదు. నాలుగు మాటలు తెలిస్తే పలకలో సగం విడిపోతుంది. ‘హీర్ లైత్ బెగ్రావెన్’ అంటే ఇక్కడ ఖననమై ఉన్నారు. ‘అన్నో’ తర్వాత వచ్చేది సంవత్సరం. ‘ఔట్’ తర్వాత వచ్చేది వయసు. లాటిన్ పలకల్లో ‘ఒబీత్’ అంటే చనిపోయారు, దాని తర్వాత వచ్చేది ఆ రోజు. ‘యు’ అక్షరానికి ‘వి’ చెక్కుతారు, అది తెలియక పేర్లు తప్పు రాసుకునేవాళ్ళే ఎక్కువ. వయసులు వరసగా రాసుకుంటూ పోతే గుండె పట్టేస్తుంది. వర్తకం చేసి ముసలివాళ్ళయి ఇంటికి వెళ్ళినవాళ్ళ లెక్క ఇక్కడ లేదు కదా, పోయినవాళ్ళదే ఉంది. పసిపిల్లలూ ఉన్నారు.

మధ్యాహ్నం భోజనం మెస్సులో, 130 రూపాయలు. రొయ్యల ఇగురు విడిగా 150. ఇక్కడ వడ్డించేవాళ్ళు ‘చాలు’ అంటే ఆగరు, విస్తరి మీద చెయ్యి అడ్డం పెట్టాలి. గోంగూర పచ్చడిలో ఉల్లిపాయ ముక్క, దాని మీద నూనె.

సాయంత్రం పందొమ్మిది, ఇరవయ్యో శతాబ్దాలు. పట్టాభి సీతారామయ్య 1923లో ఆంధ్రా బ్యాంకు పెట్టింది ఈ ఊళ్ళోనే. 2020 ఏప్రిల్ 1న అది యూనియన్ బ్యాంకులో కలిసిపోయింది. కోపల్లె హనుమంతరావు, ముట్నూరి కృష్ణారావు, పట్టాభి కలిసి నిలబెట్టిన ఆంధ్ర జాతీయ కళాశాల, 1902లో మొదలైన కృష్ణా పత్రిక, 1843 నాటి నోబుల్ కాలేజీ, ఇవన్నీ నడిచి చూడగలిగినంత దగ్గర్లో జరిగిన చరిత్ర. గుడ్డల రేవు పడిపోయాక ఊరు చదువు వైపు, పత్రికల వైపు, బ్యాంకు వైపు తిరిగింది. ఆ మలుపు మీద ఎవరైనా విడిగా కూర్చుని పని చేయాలి.

పెద్దవాళ్ళతో మాట్లాడేటప్పుడు ఒక జాగ్రత్త. ‘ఈ పేటకి ఆ పేరెలా వచ్చిందండీ’ అని అడిగితే కథ వస్తుంది. ‘మీ చిన్నప్పుడు తాగేనీళ్ళు ఎక్కణ్ణుంచి తెచ్చుకునేవారండీ, బియ్యం బస్తాలు ఎక్కడ దిగేవి’ అని అడిగితే ఊరు వస్తుంది. వలందపాలెంలో అరుగు మీద కూర్చున్న ఒకావిడ నీళ్ళ ప్రశ్నకి పావుగంట చెప్పారు: బావి నీళ్ళు ఉప్పన, అంట్లకే, తాగడానికి చెరువు నీళ్ళు కావిడితో, కావిడి అబ్బాయి పేరూ, అతను ఏ ఇంట్లో ముందు పోసేవాడో కూడా. రికార్డరు మొదట్లోనే తీస్తే ఈ ధోరణి రాదు. మాట సాగాక, అడిగి, ఫోను అరుగు మీద అందరికీ కనపడేలా పెట్టాలి.

రెండో రోజు: పెడన, అద్దకం

బందరు నుంచి పెడన పది కిలోమీటర్లు. ఇక్కడి పనిని బయటివాళ్ళు కలంకారీ అంటారు. పనిచేసేవాళ్ళు అద్దకం అంటారు, తమని తాము అద్దకంవాళ్ళం అంటారు. శ్రీకాళహస్తిలో కలంతో గీస్తారు. ఇక్కడ టేకు అచ్చులతో అద్దుతారు. మామిడిపిందె, సరువు (సైప్రస్) చెట్టు, తీగ అల్లిక, ఈ నమూనాల్లో పారశీక కొనుగోలుదారుల ఇష్టం ఇప్పటికీ కనిపిస్తుంది.

షెడ్డులోకి ముందు చెప్పి వెళ్ళాలి. చెప్పులు బయట విడవాలి, బల్ల మీద చెయ్యి ఆనించకూడదు. ఫోటోకి ఎవరూ కాదనలేదు గానీ కొత్త అచ్చుల నమూనాలు దగ్గరగా తీయొద్దన్నారు. పక్క ఊళ్ళో స్క్రీన్ ప్రింటులో దింపేస్తారని వాళ్ళ భయం, అది న్యాయమైన భయం.

పని వరస ఇది. మగ్గం గుడ్డకి గంజి ఉంటుంది, దాన్ని నానబెట్టి, ఉతికి, పూర్తిగా పోగొట్టాలి. గంజి మిగిలిన చోట రంగు మచ్చగా తేలుతుంది. తర్వాత కరక్కాయ పొడి కలిపిన నీళ్ళలో ముంచి, పిండి, ఎండలో ఆరేస్తారు. గుడ్డ లేత పసుపు తిరుగుతుంది. ఈ కరక్కాయలోని వగరే మొత్తం పనికి పునాది. అది సమంగా పట్టకపోతే నలుపు ఒకచోట ముదురు, ఒకచోట బూడిద.

నలుపుకి వాడేది కసిం. తుప్పుపట్టిన ఇనుప ముక్కలు, బెల్లం, నీళ్ళు కుండలో వేసి రెండు మూడు వారాలు పులియబెడతారు. మూత తీస్తే ఘాటైన పులుపు వాసన. అది చూడటానికి నల్లగా ఉండదు, తేనె రంగులో ఉంటుంది. కరక్కాయ పట్టిన గుడ్డ మీద పడ్డాకే ఇనుమూ వగరూ కలిసి నల్లబడుతుంది. అచ్చు ఎత్తిన క్షణానికి లేతగా ఉన్న గీత, మనం చూస్తుండగానే కాటుక అవుతుంది. రోజంతా నిలబడి చూసినా తనివితీరని పని అది.

ఎరుపు రావాల్సిన చోట పటిక నీళ్ళలో తుమ్మజిగురు కలిపి అద్దుతారు. పటికకి రంగు లేదు, ఎక్కడ అద్దామో కనపడాలని చిటికెడు రంగు కలుపుతారు. ఇక్కడ ఎరుపు లేదు, ఎరుపుని పట్టుకునే గుణం మాత్రమే ఉంది.

అద్దే మనిషి చెయ్యి దగ్గరగా చూడాలి. బల్ల మీద గోనె, దుప్పటి పొరలు పరిచి మెత్తగా చేస్తారు. రంగు తొట్టిలో తడిసిన మెత్త ఉంటుంది, అచ్చుని దాని మీద రెండుసార్లు తట్టి తీస్తాడు. ఒక్కసారి తడితే రంగు చాలదు, గట్టిగా నొక్కితే చెక్కుడు సందుల్లోకి దిగి గీత లావవుతుంది. గుడ్డ మీద పెట్టేటప్పుడు ముందు ఎడమ మూల ఆనిస్తాడు. మూలలో చిన్న గుర్తు ఉంటుంది, ముందు అద్దిన పువ్వు కొసతో అది కలవాలి. కలిశాక అచ్చు పడుకుంటుంది, అప్పుడు పిడికిలి మడమతో ఒక్క దెబ్బ. ఆ చప్పుడు షెడ్డంతా ఒకే లయలో ఉంటుంది. మడమ దగ్గర చర్మం కాయకాసి అరచేతికంటే వేరే రంగులో ఉంది.

అచ్చుకి తేమ శత్రువు. టేకుని నూనెలో నానబెట్టకుండా వాడితే రంగు నీళ్ళు పీల్చి ఉబ్బుతుంది, వంకర తిరుగుతుంది, అంచు గుడ్డకి ఆనదు. ఒక నమూనాకి రంగుకొక అచ్చు. నాలుగు రంగుల చీరకి నాలుగు అచ్చులు, అవన్నీ ఒకదానిమీద ఒకటి సరిగ్గా కూర్చోవాలి. ఒకటి ఉబ్బితే మిగతా మూడూ దండగ.

అద్దాక కనీసం ఒకటి రెండు రోజులు గుడ్డని కదపరు, పటిక పోగులోకి దిగాలి. ఆ తర్వాత కాలువ. ఇక్కడే పెడన ఎందుకు పెడన అయిందో అర్థమవుతుంది.

‘పారే నీళ్ళే కావాలండి. తొట్టెలో జాడిస్తే ఊడిన పటిక పక్కకి పాకుద్ది, ఉడకేసినప్పుడు తెల్లమీదంతా ఎరుపెక్కుద్ది’ అని నీళ్ళలో మొలలోతున నిలబడ్డ ఆయన చెప్పాడు. గుడ్డని ప్రవాహానికి అడ్డంగా కాక, పొడుగ్గా వదిలి పట్టుకుంటాడు, ఊడిన పటిక గుడ్డకి తగలకుండా ముందుకి పోతుంది. పిండడు, మెలిపెట్టడు.

ఉడకేసే రాగి గంగాళం కట్టెల పొయ్యి మీద ఉంటుంది. పూర్వం ఎరుపు చిరివేరుది, ఇసుకనేలలో పెరిగే చిన్న మొక్క వేరు. ఇప్పుడు ఎక్కువగా అలిజరిన్ అనే రసాయన రంగు, దానికి తోడు సురుడుచెక్క, జాజి ఆకు. పొడవాటి కర్రలతో గుడ్డని తిప్పుతూనే ఉండాలి. ఆపితే మడతలో రంగు నిలిచి చారలు పడతాయి. వేడి మెల్లగా పెంచాలి, తొందరపడి మంట ఎగదోస్తే ఎరుపు సమంగా ఎక్కదు. పటిక ఉన్నచోట ఎరుపు నిలుస్తుంది, లేనిచోట పేలవంగా అంటుకుంటుంది. ఆ పేలవాన్ని పోగొట్టడానికి గుడ్డని గడ్డిమీద పరిచి, నీళ్ళు చల్లుతూ ఎండబెడతారు. తర్వాత పసుపుకి దానిమ్మ పెచ్చు, కరక్కాయ పువ్వు. పసుపు మీద నీలి వేస్తే ఆకుపచ్చ.

కొనేవాళ్ళు చూడాల్సింది: అచ్చు అచ్చుకీ మధ్య వెంట్రుకవాసి తేడా ఉంటుంది, అక్కడక్కడ గీత కొంచెం లావు. మీటరు తర్వాత మీటరు తేడా లేకుండా ఒకేలా ఉంటే అది స్క్రీన్ ప్రింటు. నేల రంగు పాలతెలుపు కాదు, కొంచెం మీగడ రంగు. మేం నూలుగుడ్డ మీటరు 180కి తీసుకున్నాం, దుప్పటి 1,100. బేరం చేయొచ్చు, కానీ పై వరసంతా చూశాక నోరు రాదు, రాకూడదు కూడా. ఈ గుడ్డనే ఫ్రాన్సు 1686లో నిషేధించింది, ఇంగ్లండు 1701లో ఒకసారి, 1721లో ఇంకోసారి చట్టం చేసి ఆపింది. తమ మగ్గాలు ఆగిపోతాయని అంత భయపడ్డారు.

మూడో రోజు: గిలకలదిండి, కోట, లడ్డు

తెల్లవారుజామున ఐదున్నరకి గిలకలదిండి హార్బర్. పడవ ఎప్పుడొస్తుందో గడియారం చెప్పదు, పోటు చెప్తుంది. ముఖద్వారంలో ఇసుక మేట వేస్తుంది కాబట్టి ఆటు సమయంలో వచ్చిన పడవ బయటే ఆగుతుంది. ఇది కొత్త బాధ కాదు. కోఠీల కాలంలోనూ తీరం దగ్గర లోతు లేక పెద్ద ఓడలు మైళ్ళ దూరంలో లంగరు వేసేవి, బేళ్ళు చిన్న పడవల మీద వెళ్ళేవి. కృష్ణమ్మ తెచ్చే ఒండ్రు పొలానికి వరం, రేవుకి శాపం. మద్రాసు ముందుకీ బందరు వెనక్కీ పోవడంలో ఈ బురద పాత్ర పెద్దది. కొత్త పోర్టు పనులు సాగుతున్నాయి. తవ్వి లోతు నిలపడం మీదే దాని బతుకు ఆధారపడి ఉంటుంది.

వేలం దగ్గర ఆడవాళ్ళదే పెత్తనం. ఐస్‌లోంచి తీసింది కాదు, బుట్టలోంచి పడింది కొనాలంటే మొప్పలు ఎత్తి చూడమని వాళ్ళే చెప్తారు. ఫోటో తీసే ముందు ‘తియ్యమంటారా అమ్మా’ అంటే నవ్వుతారు, అనకపోతే తిడతారు.

అక్కణ్ణుంచి బందరుకోట. ‘కోట’ అంటే బురుజులూ కందకాలూ ఊహించుకోవద్దు. ఉప్పునేలల మధ్య కొన్ని ఇటుక కట్టడాలు, కమానులు మిగిలాయి, అంతే. 1759 ఏప్రిల్‌లో ఇంగ్లీషు కర్నల్ ఫోర్డ్ రాత్రివేళ బురదలోంచి సైన్యాన్ని నడిపించి ఫ్రెంచి సేనాని కాన్‌ఫ్లాన్స్ చేతిలోంచి ఈ కోట లాక్కున్నాడు. ఆ రాత్రితో ఉత్తర సర్కారుల్లో ఫరాసుల ఆట ముగిసింది. ఆ నేలమీద నిలబడితే అడుగు ఎలా దిగబడుతుందో తెలుస్తుంది. కోటలోపలివాళ్ళు ఆ వైపు నుంచి ఎవరూ రారనుకోవడంలో ఆశ్చర్యం లేదు. ఎత్తు బూట్లు లేదా వట్టికాళ్ళు. చెప్పులతో వెళ్తే చెప్పులు అక్కడే.

1864 నవంబరు 1 రాత్రి సముద్రం ఈ నేల దాటి ఊళ్ళోకి వచ్చింది. దాదాపు 30,000 మంది పోయారు. కోట ఆ తర్వాత కోలుకోలేదు. ఇక్కడి పెద్దవాళ్ళకి గుర్తున్న ఉప్పెన మాత్రం 1977 నవంబరు 19ది, దివిసీమది. రెండిటినీ కలిపి ఒకే ఉప్పెనగా చెప్పేవాళ్ళు ఉంటారు. రాసుకునేటప్పుడు ‘అప్పుడు మీ వయసెంత’ అని అడిగితే ఏది కళ్ళారా చూసిందో, ఏది విన్నదో విడిపోతుంది.

మధ్యాహ్నం చిలకలపూడి, పాండురంగడి గుడి. వీధుల్లో రోల్డుగోల్డు పని: చిన్న గదిలో ఇద్దరు ముగ్గురు, దీపం ముందు గొలుసు కడియలు అతుకుతూ. సందుల్లో పూత ఎంత సమంగా పట్టిందన్న దానిమీదే వస్తువు ఎన్నాళ్ళు మెరుస్తుందన్నది ఉంటుంది. సెంటు తగలనివ్వొద్దన్నది కొన్న ప్రతివాళ్ళకీ వాళ్ళు చెప్పే మాట.

సాయంత్రం లడ్డు. బందరు లడ్డు బూందీ లడ్డు కాదు, తొక్కుడు లడ్డు. శనగపిండి కలిపి, లావు కారప్పూసలా నూనెలోకో నేతిలోకో వత్తి వేయిస్తారు. కరకరలాడేంత వేగకూడదు, రంగు మారక ముందే తీయాలి. దాన్ని రోట్లో పోసి రోకలితో దంచి, జల్లిస్తారు. జల్లెట్లో మిగిలిన గరుకు మళ్ళీ రోట్లోకి. ఆ మెత్తటి పొడిని బెల్లం పాకంలో కలిపి, నెయ్యి పోస్తూ మళ్ళీ దంచుతారు. ఈ రెండో దంపుడే దీని ప్రాణం. యాలకులు, జీడిపప్పు చివర్లో. పాకం ముదిరితే లడ్డు రాయి అవుతుంది, లేతగా ఉంటే రెండో రోజుకే జారిపోతుంది. నోట్లో వేసుకుంటే పళ్ళతో పని లేకుండా కరగాలి, అదీ కొలత. 2017లో భౌగోళిక గుర్తింపు (జీఐ ట్యాగ్) వచ్చింది. బొందిలివాళ్ళు ఉత్తరాది నుంచి తెచ్చిన విద్య అని ఊళ్ళో చెప్పుకుంటారు. నేతిది కిలో 440 ఇచ్చాం. ఫ్రిజ్‌లో పెట్టొద్దు, నెయ్యి గడ్డకట్టి ఆ కరుగుడు పోతుంది. గాలి చొరని డబ్బాలో పది పదిహేను రోజులు నిక్షేపంలా ఉంటుంది.

నల్ల హల్వా అడిగితే అయిపోయిందన్నారు. అది అడిగిన వెంటనే అయ్యేది కాదు. గోధుమలు నానాలి, రుబ్బాలి, పాలు తీయాలి, ఆ పాలు రాత్రంతా కదలకుండా పేరుకోవాలి, పైన తేరిన నీళ్ళు వంపేయాలి, అప్పుడు బెల్లం పాకంలో వేసి నెయ్యి పైకి తేలేదాకా గంటలకొద్దీ కలియబెట్టాలి. కొట్టు వెనక పెరట్లో పెద్ద గంగాళం నిండా గోధుమలు నీళ్ళలో ఉన్నాయి. ‘ఎల్లుండికండి’ అన్నాడు పనబ్బాయి, పైకి తేలిన తాలు గింజల్ని చేత్తో తీసి పారేస్తూ.